ముందు మాటలు, తర్వాతే సినిమా: యుద్ధంలో పనిచేసిన పెద్దలను చిత్రీకరించాలనుకునేవారికి

మీ ప్రశ్నను కుదించి చెబితే ఇది. మీ పెదనాన్నగారికి 87 ఏళ్లు. ఆయన యుద్ధంలో పనిచేశారు. ఆయన మీద గంట నిడివి డాక్యుమెంటరీ తీయాలని మీ కోరిక. స్క్రిప్ట్ సగం రాశారు, మంచి కెమెరా కోసం డబ్బు కూడబెడుతున్నారు, వచ్చే ఏడాది చిత్రీకరణ మొదలుపెట్టాలనుకుంటున్నారు. ఏ కెమెరా కొనాలి, ఏమేం అడగాలి అన్నది మీ సందేహం. ఏ యుద్ధమో మీరు రాయలేదు. ఫర్వాలేదు, పని చేసే తీరు అన్నింటికీ దాదాపు ఒకటే.

కెమెరా సంగతి తర్వాత చూద్దాం. ముందు ఆ "వచ్చే ఏడాది" అన్న మాట కొట్టేయండి. నేను ఇరవై ఏళ్లుగా మాజీ సైనికుల మాటలు రికార్డు చేస్తున్నాను. కొత్త లైట్లు వచ్చాక వెళ్దాం, ఈ పని ముగిశాక వెళ్దాం అని వాయిదా వేసుకున్న పేర్లు నా నోటుపుస్తకంలో పదకొండు ఉన్నాయి. వాళ్లలో నేను వెళ్లేసరికి మాట్లాడగలిగిన స్థితిలో ఉన్నవారు ముగ్గురే. మిగతా ఎనిమిది మందీ చనిపోయారని కాదు. ఒకరికి పక్షవాతం వచ్చి మాట పడిపోయింది. ఒకరు మనుషులను గుర్తుపడుతున్నారు గానీ ఊళ్ల పేర్లు, తోటివారి పేర్లు పోయాయి. ఒకరికి వినికిడి పూర్తిగా పోయి నా ప్రశ్న ఆయనకు చేరనే లేదు.

మొదటి ప్రపంచయుద్ధంలో ఆరు కోట్ల మందికి పైగా సైనికులు పాల్గొన్నారు. ఆ తరంలో ఫ్రాన్స్‌కు మిగిలిన చివరి మనిషి లాజార్ పోంటిసెల్లి 2008లో పోయారు. పశ్చిమ రణరంగం కందకాల్లో పోరాడినవారిలో చివరివాడైన బ్రిటన్ సైనికుడు హ్యారీ పాచ్ 2009లో, అమెరికాకు చెందిన ఫ్రాంక్ బకల్స్ 2011లో పోయారు. బ్రిటన్ వైమానిక దళపు మహిళా విభాగంలో పనిచేసిన ఫ్లోరెన్స్ గ్రీన్ 2012 ఫిబ్రవరిలో చనిపోవడంతో ఆ యుద్ధంలో పనిచేసిన చివరి మనిషీ పోయి ఆ తలుపు మూసుకుపోయింది. వీరిలో హ్యారీ పాచ్ సంగతి ప్రత్యేకంగా చెప్పాలి. 1998 వరకు, అంటే వందేళ్ల వయసు వచ్చేదాకా, ఆయన యుద్ధం గురించి నోరు విప్పలేదు. ఎవరో వచ్చి అడిగారు కాబట్టి చెప్పారు. "మా పెదనాన్న ఆ సంగతులు ఎప్పుడూ ఎత్తరండీ" అని మీరు రాసిన వాక్యం చదివినప్పుడు నాకు ఆయనే గుర్తొచ్చారు. ఎత్తకపోవడం వేరు, అడిగితే చెప్పకపోవడం వేరు.

ఇక అసలు విషయం. మీరు సినిమా తీయాలనుకుంటున్నారు. నేను మీ చేత ముందు రికార్డింగు చేయించాలనుకుంటున్నాను. రెండూ ఒకటి కావు. సినిమా అంటే ఆరు గంటల మాటల్లోంచి మీకు ఇవాళ నచ్చిన నలభై నిమిషాలు. ఇవాళ మీకు అక్కర్లేదనిపించి వదిలేసిన అయిదు గంటల చిల్లర ఇంకో యాభై ఏళ్ల తర్వాత ఎవరికో పనికొస్తుంది. ఊరికే అనడం లేదు. 1964లో ప్రసారమైన, మొదటి ప్రపంచయుద్ధం మీది 26 భాగాల ధారావాహిక కోసం బీబీసీ మాజీ సైనికులను మాట్లాడించింది. ప్రసారమైంది అందులో కొంతే. మిగతాది పారేయలేదు. 2018లో పీటర్ జాక్సన్ అదే యుద్ధం మీద డాక్యుమెంటరీ తీసినప్పుడు వ్యాఖ్యాత లేకుండా, ఆ పాత రికార్డింగులతోనూ ఇంపీరియల్ వార్ మ్యూజియం దాచిన గొంతులతోనూ సినిమా మొత్తం నడిపారు. అప్పటికి ఆ మాటలు చెప్పినవారిలో ఒక్కరూ లేరు. అప్పట్లో ప్రశ్నలడిగినవారు ఇలాంటి సినిమాను ఊహించి ఉండరు కదా.

దీనికి ఎదురు ఉదాహరణ ఒకటుంది, అది నన్ను మరీ వెంటాడుతుంది. అదే యుద్ధంలో జర్మన్లకు చిక్కిన భారతీయ సైనికులను బెర్లిన్ దగ్గర వూన్స్‌డోర్ఫ్‌లో ఒక శిబిరంలో ఉంచారు. జర్మన్ భాషా పండితులు అక్కడికి గ్రామఫోను యంత్రం తెచ్చి ఖైదీల గొంతులు రికార్డు చేశారు. 1916 డిసెంబరు 11న మాల్ సింగ్ అనే పంజాబీ సైనికుడు ఆ యంత్రం గొట్టం ముందు నిలబడి, ఎవరో మూడో మనిషి కథ చెబుతున్నట్టు తన కథ చెప్పుకున్నాడు. ఒక మనిషి ఉండేవాడనీ, స్వదేశంలో వెన్న తినేవాడనీ, పాలు తాగేవాడనీ, యూరప్ యుద్ధంలోకి వచ్చాడనీ, జర్మన్లు పట్టుకున్నారనీ, ఇంటికి వెళ్లాలని ఉందనీ. నిమిషం పైచిలుకు, అంతే. రికార్డింగు ఇప్పటికీ బెర్లిన్‌లో ఉంది. ఆ పండితులకు కావలసింది ఉచ్చారణ. అందుకే ఉచ్చారణ మిగిలింది, మనిషి మాత్రం ఆ ఒక్క నిమిషంలోనే ఆగిపోయాడు. పక్కన నిలబడ్డవాళ్లలో ఒక్కరైనా "తర్వాత ఏమైంది" అని అడిగి ఉంటే!

మీ స్క్రిప్ట్‌తో నా పేచీ కూడా ఇదే. స్క్రిప్ట్ రాసుకున్నవాడు దానికి సరిపోయే జవాబు కోసమే వెతుకుతాడు. వీరగాథ రాసుకుంటే వీరగాథ వస్తుంది, విషాదం రాసుకుంటే విషాదం వస్తుంది. దాన్ని ఒక అరలో పెట్టి తాళం వేయండి. దాని బదులు ఒక వారం హోంవర్కు చేయండి. ఆయన ఏ దళంలో ఉన్నారు, ఏ బెటాలియన్, ఏ హోదాలో చేరి ఏ హోదాలో బయటికొచ్చారు, ఆ దళం ఏ నెలలో ఎక్కడుంది, ఇవి తెలిసి ఉండాలి. మీరు వాడే ఒక్క సరైన పదం, అంటే ఆ తుపాకీ పేరో, ఆ వాగు పేరో, వింటే చాలు, ఎదుటి మనిషి కుర్చీలో ముందుకు జరుగుతారు. "వీడికి విడమర్చి చెప్పనక్కర్లేదు" అన్న నమ్మకం అది. ఆ ప్రాంతపు పెద్ద మ్యాపు ఒకటి ప్రింటు తీయించి టేబుల్ మీద పరచండి. ప్రశ్నల కన్నా మ్యాపే ఎక్కువ మాట్లాడిస్తుంది.

సైన్యం దగ్గర కాగితాలు ఉంటాయి కదా, జ్ఞాపకాలు ఎందుకు అని ఎవరైనా అంటే ఈ రెండు సంగతులు చెప్పండి. మొదటి ప్రపంచయుద్ధంలో పనిచేసిన బ్రిటిష్ సైనికుల వ్యక్తిగత రికార్డుల్లో సగానికి పైగా 1940 సెప్టెంబరులో లండన్ మీద పడిన బాంబులకు కాలిపోయాయి. అమెరికాలో 1973 జులై 12న సెయింట్ లూయిస్‌లో సైనిక రికార్డుల కార్యాలయానికి నిప్పంటుకుని కోటీ అరవై లక్షల నుంచి కోటీ ఎనభై లక్షల దాకా ఫైళ్లు పోయాయి. కాగితాలు కూడా చచ్చిపోతాయి.

ఇప్పుడు ప్రశ్నల దగ్గరికి. యుద్ధంతో మొదలుపెట్టకండి. చిన్నతనం, చదువు, సైన్యంలో ఎందుకు చేరారు, ఇంట్లో ఎవరు వద్దన్నారు, మొదటి రోజు బూట్లు సరిపోయాయా, ఇలా రండి. మొదటి గంటలో తుపాకీ పేలకపోయినా నష్టం లేదు. చేరిన మనిషి ఎవరో తెలియకపోతే తిరిగొచ్చిన మనిషిలో మార్పు మీ ప్రేక్షకుడికి కనపడదు. "మీకు ఎలా అనిపించింది" అన్న ప్రశ్నను వీలైనంత తక్కువగా వాడండి. దానికి వచ్చే జవాబు పత్రికల్లో చదివినదే అయి ఉంటుంది. "ఆ రాత్రి ఎక్కడ పడుకున్నారు", "చేతిలో ఏముంది", "పక్కన ఎవరున్నారు", "ఏ వాసన వచ్చింది" అని అడగండి. అనుభూతి దానంతట అదే వెనకాల వస్తుంది.

ఒక పెద్దాయన నన్ను గుమ్మంలోనే ఆపేశారు. "బాబూ, నేను యుద్ధం చేయలేదు, వంట చేశాను. నీకు పనికిరాను, వేరేవాళ్ల దగ్గరికి వెళ్లు" అన్నారు. నేను మొండిగా కూర్చున్నాను. వంటపాత్రల గురించి, కట్టెల గురించి, పొగ కనపడకుండా పొయ్యి ఎలా తవ్వేవారో అడుగుతూ పోయాను. రెండు గంటలయ్యాక ఆయన మామూలుగానే అన్నారు: "పొద్దున ఎన్ని పళ్లాలు వెళ్లాయో రాసుకునేవాణ్ణి. రాత్రికి ఎన్ని వచ్చాయో లెక్కపెట్టేవాణ్ణి. ముందు వార్త నాకే తెలిసేది." ఆ ఏడాది నేను పతకాలున్నవారిని ఎందరినో కలిశాను. ఎవరూ నాకు ఇంత చెప్పలేదు. డ్రైవర్లు, నర్సులు, సిగ్నల్స్ వాళ్లు, గాడిదలు తోలినవాళ్లు, టైపు కొట్టినవాళ్లు, వీళ్లంతా "మాదేముంది" అంటారు. వాళ్లను అస్సలు వదలకండి. అమెరికాలో 2000 సంవత్సరంలో పార్లమెంటు చట్టం చేసి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్‌లో ఇలాంటి రికార్డింగులకు ఒక విభాగం పెట్టింది. హోదాతో, పతకంతో నిమిత్తం లేకుండా మామూలు సైనికులను కూడా అది తీసుకుంటుంది. నిడివి మాత్రం కనీసం అరగంట ఉండాలంటుంది. నా లెక్కలో అరగంట మరీ తక్కువ. గంట, గంటన్నర చొప్పున మూడు నాలుగు రోజులు కూర్చోండి, అదీ ఉదయం పూట. సాయంత్రానికి వాళ్ల గొంతూ అలిసిపోతుంది, మీ ఓపికా అలిసిపోతుంది.

మౌనానికి భయపడకండి. ఆయన మాట ఆపితే మీరు లోపల పది లెక్కపెట్టండి. కొత్తవాళ్లు మూడు దగ్గరే తట్టుకోలేక తర్వాతి ప్రశ్న వేసేస్తారు. ఎనిమిదో అంకె దగ్గర రావలసిన వాక్యం ఇక రాదు.

గదిలో ఎవరుంటారన్నది కూడా కెమెరా అంత ముఖ్యం. ఒకసారి ఒక తండ్రి చెబుతుండగా పక్కనున్న కొడుకు "కాదు నాన్నా, అది పదిహేడో తారీఖు" అని సరిదిద్దాడు. ప్రేమతోనే. ఆ పెద్దాయన "నువ్వే చెప్పు అయితే" అని నవ్వి, ఆ పూటంతా పొడిపొడిగా జవాబులిచ్చారు. భార్య ముందు చెప్పని సంగతులుంటాయి, పిల్లల ముందు తగ్గించి చెప్పేవి ఉంటాయి. మీరూ ఇంటి మనిషే. మీకు చెప్పడానికి ఆయన మొహమాటపడవచ్చు. అలా అనిపిస్తే ఒక రోజు పరాయి మనిషిని ప్రశ్నలడగమనండి. మీరు కెమెరా వెనక కూడా ఉండకండి.

తేదీలు తప్పుతాయి. ఊళ్లు తారుమారవుతాయి. వేరేవాడికి జరిగింది తనకు జరిగినట్టు చెప్పేవారూ ఉంటారు, అబద్ధమాడాలని కాదు, అరవై ఏళ్లు మళ్లీ మళ్లీ విని. అప్పుడేం చేయాలి? రికార్డింగులో వాదించకండి. తర్వాత సరిచూసి, తేడాను విడిగా రాసిపెట్టండి. ఇటలీకి చెందిన మౌఖిక చరిత్రకారుడు (అంటే మనుషులు నోటితో చెప్పిన జ్ఞాపకాల నుంచి చరిత్ర రాసేవాడు) అలెస్సాండ్రో పోర్టెల్లీ చూపిన ఉదాహరణ ఈ పనిలో ఉన్నవారందరికీ తెలుసు. తెర్నీ పట్టణంలో లుయీజీ త్రాస్తుల్లీ అనే యువ ఉక్కు కార్మికుడు 1949లో నాటోకు వ్యతిరేకంగా జరిగిన ప్రదర్శనలో పోలీసుల చేతిలో చనిపోయాడు. పాతికేళ్ల తర్వాత ఆ ఊరి కార్మికుల్లో చాలామంది అది 1953లో, కర్మాగారం నుంచి కార్మికులను పెద్దయెత్తున తీసేసినప్పుడు జరిగిందని చెప్పారు. తేదీ తప్పే. అయితే ఆ తప్పు ఊరికే వచ్చింది కాదు. ఆ చావు తమ అతి పెద్ద పోరాటంలో జరిగి ఉండాలని ఆ ఊరి మనసు కోరుకుంది. మీ పెదనాన్నగారు ఒక సంఘటనను ఏడాది ముందుకు జరిపితే, ఆ ఏడాదిలో ఏముందో చూడండి. సినిమాలో మాత్రం తెర మీద సరైన తేదీ వేయండి. ఆయన మాట ఆయనదే, మీ బాధ్యత మీదే.

"ఎవరినైనా చంపారా" అని ఎప్పుడూ అడగకండి. చెప్పదలచుకుంటే వాళ్లే చెబుతారు. వణుకు మొదలైతే, ఊపిరి తీరు మారితే, ఒకే వాక్యం పదేపదే అంటుంటే, కెమెరా ఆపి నీళ్లివ్వండి. ఆ కన్నీళ్లు మంచి షాట్ అని మీలో ఒక గొంతు అంటుంది. నాలోనూ అంది. ఒకసారి దాని మాట విన్నాను. ఆ ఇంటికి మళ్లీ వెళ్లే ముఖం నాకు లేకపోయింది. ప్రతి పూటా చివర వర్తమానానికి తీసుకురండి: మొక్కలు, మనవలు, రేడియో, ఏదో ఒకటి. మర్నాడు ఫోను చేయండి. రాత్రి నిద్ర పట్టిందా అని అడగండి. పట్టలేదంటే ఆ వారం చిత్రీకరణ మానేయండి. కలవరం తగ్గకపోతే వైద్యుడికి చూపించమని ఇంట్లోవాళ్లకు చెప్పండి. మీరు డాక్టరు కారు, నేనూ కాను.

అనుమతి కాగితం సంగతి తేలిగ్గా తీసుకోకండి, ఇంటి మనిషే కదా అని అసలే అనుకోకండి. రెండు కాగితాలు కావాలి. రికార్డు చేయడానికి ఒకటి, బయట చూపించడానికి ఇంకొకటి. రెండోది రికార్డింగంతా అయ్యాక, ఆయన విని చూశాక సంతకం చేయించండి. ఫలానా భాగం నా తర్వాతే బయటపెట్టాలి అని ఆయన అంటే అది కూడా రాయండి. అయితే నిలబెట్టుకోలేని మాట ఇవ్వకండి. ఉత్తర ఐర్లాండ్ ఘర్షణల్లో పాల్గొన్న సాయుధులతో బోస్టన్ కాలేజీ తరఫున రికార్డు చేసిన ముఖాముఖిలను వాళ్లు బతికున్నంతకాలం బయటపెట్టబోమని హామీ ఇచ్చారు. 2011లో పోలీసు దర్యాప్తు కోసం కోర్టు నోటీసులు వచ్చాయి, చివరికి కొన్ని టేపులు అప్పగించక తప్పలేదు. డాక్టరుకో లాయరుకో ఉండే రక్షణ ప్రశ్నలడిగేవాడికి ఉండదు. ఎవరైనా నేరం అనదగ్గది చెప్పబోతున్నారనిపిస్తే, చెప్పకముందే ఈ సంగతి వాళ్లకు తెలియజేయడం మర్యాద. సైనిక రహస్యాల విషయం కూడా ఇంతే. "అది చెప్పకూడదు" అని ఆయన అంటే, యాభై ఏళ్లయింది కదా అని బలవంతపెట్టకండి.

సరే, పరికరాలు. మీ ఫోను చాలు. నిజంగానే చాలు. డబ్బు పెట్టదలచుకుంటే మైకు మీద పెట్టండి. బొమ్మ మసకగా ఉన్నా జనం చూస్తారు, మాట వినపడకపోతే లేచిపోతారు. చొక్కాకు తగిలించే కాలర్ మైకు ఒకటి, దానికి తోడు విడిగా ఒక రికార్డరు, రెండూ ఒకేసారి నడవాలి. ఒకటి మొరాయిస్తే రెండోది ఉంటుంది. ధ్వనిని 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ వేవ్ (WAV) ఫైలుగా దాచండి. ఫ్యాను, ఫ్రిజ్, గోడగడియారం ఆపేయండి. ఫ్రిజ్ ఆపినప్పుడు మీ కారు తాళంచెవి అందులో పెట్టండి, లేకపోతే తిరిగి వేయడం మరిచిపోతారు. ఎవరూ మాట్లాడకుండా గది నిశ్శబ్దాన్ని ఒక నిమిషం రికార్డు చేసుకోండి, ఎడిటింగులో అతుకులు కప్పడానికి అదే దిక్కు. ఫిరంగుల దగ్గర పనిచేసినవారికి చెవులు దెబ్బతిని ఉంటాయి. మీ పెదవులు కనపడేలా ఎదురుగా కూర్చోండి, అరవకుండా కాస్త మంద్రంగా మాట్లాడండి. పెద్దవారి కళ్లకు సూటి దీపం గుచ్చుతుంది. కిటికీ వెలుగు పక్కనుంచి పడితే సరిపోతుంది.

చేతులు ఫ్రేములో ఉండాలి. ఒక వైర్‌లెస్ ఆపరేటరు తన దళం జవాబివ్వడం ఆగిపోయిన రాత్రి గురించి చెబుతూ వేళ్లతో కుర్చీ చేతి మీద మోర్స్ (టకటక శబ్దాలతో సందేశాలు పంపే సంకేత భాష) కొడుతూనే ఉన్నారు. నేను కెమెరాను ముఖం మీదికే దగ్గర చేసి కూర్చున్నాను, చేతులు ఫ్రేములోకి రాలేదు. టకటక శబ్దం మాత్రం రికార్డయింది. ఆయన కొట్టింది ఏ సందేశమో ఆయనకే తెలియదు.

పాత ఫోటోలు, ఉత్తరాలు ఇంటి నుంచి బయటికి తీసుకుపోకండి. అక్కడే స్కాన్ చేయండి, 600 డీపీఐకి (అంగుళానికి 600 చుక్కలకు) తగ్గకుండా, టిఫ్ (TIFF) ఫైలుగా, వెనకవైపు కూడా. అసలు సమాచారం తరచూ వెనకే ఉంటుంది. ఆ ఫోటోలను ఆయన చేతికిచ్చి మాట్లాడించి రికార్డు చేయండి: ఎడమనుంచి మూడోవాడు ఎవరు, ఫోటో ఎవరు తీశారు, ఇందులో లేనివాడు ఎవరు.

ఏ రోజు రికార్డు చేసింది ఆ రోజే మూడు కాపీలు చేయండి. రెండు వేర్వేరు పరికరాల్లో, ఒకటి వేరే ఇంట్లో. ఒకే హార్డ్ డిస్క్‌ను నమ్ముకుని నేను ఒక నర్సుగారి రెండు రోజుల మాటలు పోగొట్టుకున్నాను. డిస్క్ కింద పడలేదు, తడవలేదు. ఒక పొద్దున తెరుచుకోలేదు. మళ్లీ చెప్పమంటే ఆవిడ పాపం చెప్పారు, కానీ రెండోసారి చెప్పింది మొదటిసారి చెప్పిన దాని సారాంశం మాత్రమే. డిస్కులను నాలుగైదేళ్లకోసారి మార్చండి. మాటలన్నీ రాయించండి కూడా. గంట రికార్డింగు రాతలోకి ఎత్తడానికి ఆరు గంటలైనా పడుతుంది. యంత్రం చేసి పెట్టినా ఊళ్ల పేర్లు, హోదాలు తప్పు రాస్తుంది కాబట్టి మనిషి సరిచూడాల్సిందే. ఆయన ఉండగానే సరిచూడండి.

ఇవన్నీ అయ్యాక ఆ అరలోంచి స్క్రిప్ట్ తీయండి. మీకే నవ్వొస్తుంది. అప్పుడు కొత్తగా రాసుకోండి. పునర్నటన దృశ్యాలు పెట్టాలని ఉంటే అది నటనేనని తెర మీద చెప్పండి. 1916లో బ్రిటన్‌లో కోట్ల మంది చూసిన, ఫ్రాన్స్‌లోని సోమ్ దగ్గర జరిగిన యుద్ధం మీది చిత్రంలో సైనికులు కందకం నుంచి పైకి లేచి దూకే దృశ్యం శిక్షణ ప్రదేశంలో నటింపజేసి తీసిందని తర్వాత తేలింది. అయినా వందేళ్లుగా అదే అసలు యుద్ధంగా మళ్లీ మళ్లీ వాడుతున్నారు. ఇప్పుడు కంప్యూటర్ చేత బొమ్మలు, గొంతులు పుట్టించడం మరీ సులువు. ఆయన అనని మాటను ఆయన గొంతుతో అనిపించకండి, ఒక్క మాటైనా సరే. ఎడిటింగు అయ్యాక సినిమా ముందు ఆయనకే చూపించండి, ఇంటిల్లిపాదికీ కాదు, ఒక్కరికే. ముడి రికార్డింగును మాత్రం కత్తిరించకుండా, ఆయన సైన్యంలో చేరిన తేదీ, దళం, మాట్లాడిన భాష, అనుమతి షరతులు రాసిన ఒక పేజీతో కలిపి, తీసుకునే గ్రంథాలయానికో పరిశోధన సంస్థకో ఇవ్వండి.

ఈ ఆదివారమే వెళ్లండి. మొదటి రోజు కెమెరా బయటికి తీయనక్కర్లేదు, మ్యాపు తీసుకెళ్లండి. రికార్డింగు మొదలుపెట్టిన రోజున ప్రతి పూటా చివర ఒకే ప్రశ్న అడగండి: "నేను అడగకుండా వదిలేసింది ఏదైనా ఉందా?" చాలామంది "ఏమీ లేదు" అంటారు. అప్పుడు థాంక్స్ చెప్పండి, నోటుపుస్తకం మూయండి, మైకు మాత్రం ఇంకో పది నిమిషాలు తీయకండి. అది ఇంకా నడుస్తోందని ఆయనకు చెప్పి మరీ ఉంచండి.